కారులోంచి విసిరిన కప్పు

"అయ్యో, పిల్లాడికి తగిలిందా?" అంటూ అమ్మ చేతిలో గరిటెతోనే వంటింట్లోంచి వచ్చేసింది.

టీవీలో లూయీ తెరూ 2007లో బీబీసీకి చేసిన డాక్యుమెంటరీ. అమెరికాలో కాన్సాస్ రాష్ట్రం, టొపీకా ఊళ్ళోని వెస్ట్‌బరో బాప్టిస్ట్ చర్చి వాళ్ళ మీద. చర్చి అంటే చాలావరకు ఒకే పెద్ద కుటుంబం. చనిపోయిన సైనికుల అంత్యక్రియల దగ్గరికి వెళ్ళి మరీ ద్వేషం రాసిన ప్లకార్డులు పట్టుకునేవాళ్ళు. అలా రోడ్డు పక్కన నిలబడి ఉంటే, పోతున్న కారులోంచి ఎవరో కూల్‌డ్రింక్ కప్పు విసిరారు. అది ఒక చిన్నపిల్లాడికి తగిలింది.

అప్పటిదాకా వాళ్ళను చూస్తే ఒళ్ళు మండిపోతోంది నాకు. ఆ ఒక్క క్షణంలో గొంతుకేదో అడ్డం పడింది. వాడేం చేశాడు పాపం! పెద్దవాళ్ళు చేతికిచ్చింది పట్టుకున్నాడు, అంతే.

తెరూ గొంతు పెంచడు. వాళ్ళింట్లోనే కూర్చుని మెల్లగా అడుగుతూనే ఉంటాడు. మళ్ళీ 2011లో వెళ్ళాడు, 2019లోనూ వెళ్ళాడు. ఈలోగా చర్చి పెట్టిన ఫ్రెడ్ ఫెల్ప్స్ మనవరాలు మేగన్ 2012లో బయటికొచ్చేసింది. ఇల్లూ, అమ్మానాన్నా, అన్నీ వదులుకుని. పన్నెండేళ్ళపాటు అవే గడపలు మళ్ళీ మళ్ళీ తొక్కాడు చూడండి, ఆ ఓపికకు దణ్ణం పెట్టాలనిపించింది.

"ఆ పిల్లాడికిప్పుడు ఎన్నేళ్ళుంటాయే?" అంది అమ్మ.

పాతికేళ్ళు దాటి ఉంటాయమ్మా అన్నాను. కూర అడుగంటుతున్న వాసన వస్తున్నా తను ఇంకా టీవీ ముందే నిలబడి ఉంది.