ఆర్డరు వచ్చిన ఏడాది, రాని ఏడాది: ఒక డ్రోన్ కంపెనీ లెక్కలు

34.7 కోట్లు, 159 కోట్లు, 186 కోట్లు, 314 కోట్లు, 161 కోట్లు. నవీ ముంబైలో ఉన్న ఐడియాఫోర్జ్ అనే డ్రోన్ల కంపెనీకి 2020-21 నుంచి 2024-25 దాకా ఏటా వచ్చిన ఆదాయం ఇది. మొదటి నాలుగు అంకెలతో ఆగిపోతే మూడేళ్లలో తొమ్మిది రెట్లు పెరిగిన కంపెనీ. ఐదోది కూడా చూస్తే ఒక్క ఏడాదిలో ఆదాయం సగానికి పడి, 45 కోట్ల లాభం కాస్తా 62 కోట్ల నష్టమైన కంపెనీ. ఆ ఏడాది డ్రోన్లు ఎగరడం మానలేదు. రావలసిన పెద్ద ఆర్డర్లు అనుకున్న వేళకి రాలేదు.

డిఫెన్స్ షేర్లు కొందామని చూసేవాళ్లూ, చదువు అవగానే డ్రోన్ కంపెనీ పెట్టేద్దామనుకునే ఇంజినీరింగ్ పిల్లలూ ఎక్కువగా మొదటి నాలుగు అంకెల దగ్గరే ఆగిపోతున్నారు. ఫోన్‌లో యాప్ అమ్మే కంపెనీకి నెలనెలా కొందరు కొత్త కస్టమర్లు చేరతారు. ఇక్కడ కస్టమరు ఒక్కడే, సర్కారు. వాడు కొంటే ఒకేసారి 100 కోట్లకి కొంటాడు, కొనకపోతే రెండేళ్లు కొనడు. కాబట్టి ఆర్డరుకీ ఆర్డరుకీ మధ్య ఖాళీని కంపెనీ ఎలా దాటిందో చూడాలి. పెరుగుదల శాతం ఆ తర్వాతి సంగతి.

ఐఐటీ బాంబేలో చదువుకున్నవాళ్లు 2007లో పెట్టిన కంపెనీ ఇది. రక్షణ పరిశోధన సంస్థ డీఆర్‌డీవోతో కలిసి నేత్ర అనే చిన్న నిఘా డ్రోన్ చేసింది. పదమూడేళ్లు అలా చిన్నగానే నడిచింది. 2021 జనవరిలో సైన్యం స్విచ్ అనే మోడల్‌కి దాదాపు 140 కోట్ల ఆర్డరు ఇచ్చింది. అంతకు ముందు జూన్‌లో గల్వాన్ ఘర్షణ జరిగింది, సరిహద్దులో నిఘా అవసరం అమాంతం పెరిగింది. పై అంకెల్లో 34.7 నుంచి 159కి దూకిన ఆ మెట్టు ఈ ఆర్డరుదే. జనం దీన్ని ‘రాత్రికి రాత్రి ఎదిగిన స్టార్టప్’ అంటారు. ఆ రాత్రి పదమూడేళ్ల పొడవుంది.

స్విచ్ బరువు ఆరున్నర కిలోలు. నాలుగు రోటర్లతో నిలువుగా లేస్తుంది, పైకి వెళ్లాక రెక్కల మీద విమానంలా సాగుతుంది. గాల్లో రెండు గంటల దాకా ఉంటుంది, పదిహేను కిలోమీటర్ల దూరం దాకా వీడియో పంపుతుంది. కాగితం మీద ఇలాంటివి చాలా ఉంటాయి. అసలు వడపోత సైన్యం పెట్టే ట్రయల్స్‌లో, అదీ ఎత్తులో జరుగుతుంది. ఇక్కడ కాస్త ఆగి చూద్దాం, ఎందుకంటే ఎక్కువ కంపెనీలు ఓడిపోయేది ఇక్కడే.

సముద్రమట్టం దగ్గర ఒక ఘనమీటరు గాలి 1.22 కిలోలు తూగుతుంది. 4,500 మీటర్ల ఎత్తులో 0.78 కిలోలే, అంటే దాదాపు 63 శాతం. ప్రొపెల్లరు తోసేది గాలినే కాబట్టి, అదే బరువుని అక్కడ నిలబెట్టాలంటే అది పాతిక శాతం ఎక్కువ వేగంతో తిరగాలి. హోవర్‌లో (గాల్లో ఒకేచోట నిలిచి ఉన్నప్పుడు) లాగే పవరు కూడా ఇంచుమించు అంతే పెరుగుతుంది. మోటారు, దాని వేగాన్ని నడిపే ఈఎస్‌సీ అనే సర్క్యూటు వేడెక్కుతాయి, కానీ పల్చటి గాలి వాటిని సరిగా చల్లబరచదు. బయట మైనస్ 20 డిగ్రీలున్నా లోపల ఈఎస్‌సీ కాలిపోయిందంటే కారణం ఇదే.

బ్యాటరీది రివర్స్ సమస్య. చలికి లోపలి రెసిస్టెన్స్ పెరుగుతుంది, ఒక్కసారిగా కరెంటు లాగితే ఓల్టేజీ కుంగిపోతుంది. నిలువుగా దిగేటప్పుడు కరెంటు ఎక్కువ కావాలి, అప్పటికి బ్యాటరీ అడుగంటి ఉంటుంది, గంటన్నర చలిలో తిరిగి ఉంటుంది. ఇరవై శాతం ఛార్జి చూపిస్తూనే నేల నుంచి పది మీటర్ల ఎత్తులో పడిపోయే డ్రోన్లు ఇలాగే పడతాయి. దీనికి మందులు తెలిసినవే. ప్యాక్‌ని ఇన్సులేటెడ్ పెట్టెలో వెచ్చబెట్టి ఎగరడానికి ముందే బిగించాలి. ఎత్తుకి వేరే ప్రొపెల్లరు వాడాలి, డయా ఎక్కువ ఉన్నది. తిరిగొచ్చే నిర్ణయాన్ని ఛార్జి శాతం చూసి కాకుండా లోడ్‌లో ఉన్నప్పటి సెల్ ఓల్టేజీ చూసి తీసుకునేలా ఆటోపైలట్‌ని మార్చాలి.

రెక్కల మీద వెళ్లేటప్పుడు ఇంకో ముప్పు. పల్చటి గాలిలో స్టాల్ కాకుండా (రెక్కలు పట్టుతప్పి పడిపోకుండా) ఉండాలంటే అసలు వేగం పాతిక శాతం పెరగాలి. మలుపు తిరిగే వ్యాసార్థం వేగం వర్గాన్ని బట్టి ఉంటుంది కాబట్టి అది ఒకటిన్నర రెట్ల పైనే అవుతుంది. పుణె మైదానంలో చక్కగా తిరిగిన మలుపు, లడఖ్ లోయలో కొండకి తగులుతుంది. మైదానంలో వేసిన వేపాయింట్లని (డ్రోన్ వెళ్లాల్సిన దారి గుర్తులని) అలాగే కాపీ చేసి తీసుకెళితే జరిగేది ఇదే.

ఈ ట్రయల్స్‌కి సైన్యం డబ్బులివ్వదు. ‘నో కాస్ట్ నో కమిట్‌మెంట్’ అంటారు. డ్రోన్లు, స్పేర్లు, మనుషులు, ప్రయాణం, అక్కడ పడిపోయిన వాటి ఖర్చు, అన్నీ కంపెనీవే. పాసైనా ఆర్డరు ఖాయం కాదు. మామూలు దారిలో అవసరానికి ఆమోదం, ఆర్‌ఎఫ్‌పీ (ప్రతిపాదనలు పంపమనే పిలుపు), టెక్నికల్ బిడ్ పరిశీలన, ఫీల్డ్ ట్రయల్స్, వాటి ఫలితాల మీద స్టాఫ్ ఎవాల్యుయేషన్, ఆ తర్వాతే ధరల కవర్లు తెరుస్తారు. అందులో ఎల్‌వన్, అంటే అందరికంటే తక్కువ ధర వేసింది ఎవరైతే వాళ్లకే. పాసైన ఇద్దరిలో నీది మెరుగైనదే అయినా పక్కవాడు రూపాయి తక్కువ వేస్తే ఆర్డరు వాడిదే. దీనికి కొన్నేళ్లు పడుతుంది. అత్యవసర కొనుగోలు దారి వేరు. ఒక్కో కేసుకి 300 కోట్ల పరిమితి, డెలివరీకి ఏడాది లోపు గడువు. స్టార్టప్‌లు బాగుపడేది ఎక్కువగా ఈ రెండో దారిలోనే, అది తెరుచుకునేది సరిహద్దులో ఏదైనా జరిగినప్పుడే. బిజినెస్ ప్లాన్‌లో రాసుకోలేని సంగతి.

2018 ఏప్రిల్‌లో మొదలైన ఐడెక్స్ అనే రక్షణశాఖ స్టార్టప్ పథకం గురించి మన కాలేజీల్లో బాగా చెబుతారు. మామూలు విభాగంలో కోటిన్నర దాకా, ప్రైమ్‌లో 10 కోట్ల దాకా, 2024లో వచ్చిన అదితిలో 25 కోట్ల దాకా గ్రాంటు వస్తుంది, కంపెనీ తన వాటా తాను పెట్టాలి. మంచి పథకమే. కానీ ఆ డబ్బు ప్రోటోటైప్ వరకే. ప్రోటోటైప్ ఒప్పుకున్నాక కొనుగోలు ఒప్పందం చేతికొచ్చేదాకా జీతాలు ఎవరిస్తారన్నదే ప్రశ్న. చిన్న కంపెనీలు చచ్చేది ఆ నెలల్లోనే.

సరే, ఆర్డరు వచ్చిందనుకుందాం. ఊహా లెక్క ఒకటి వేద్దాం: 100 కోట్ల ఆర్డరు, 12 నెలల గడువు. అడ్వాన్సు 15 కోట్లు వస్తుంది, కానీ అంతే మొత్తానికి బ్యాంకు గ్యారంటీ ఇవ్వాలి. ఒప్పందం సరిగా నెరవేరుస్తామనే పెర్ఫార్మెన్స్ గ్యారంటీ ఇంకో 5 కోట్లు. చిన్న కంపెనీకి బ్యాంకు ఉత్తపుణ్యానికి గ్యారంటీ ఇవ్వదు, ఆ 20 కోట్లకి ఇరవై శాతం మార్జిన్ (డిపాజిట్) అడిగిందనుకుంటే 4 కోట్లు ఎఫ్‌డీలో ఇరుక్కుపోతాయి. విడిభాగాలు 45 కోట్లు. థర్మల్ కెమెరా సెన్సర్లు, రేడియోలు రావడానికి ఐదారు నెలలు పడుతుంది కాబట్టి వీటికి మొదటి రెండు నెలల్లోనే డబ్బు కట్టాలి. జీతాలు, అద్దె నెలకి 2 కోట్లు. మొదటి బిల్లు డబ్బు తొమ్మిదో నెల తర్వాతే వస్తుందనుకుంటే అప్పటికి 18 కోట్లు. కూడితే 67, అడ్వాన్సు తీసేస్తే 52 కోట్ల గుంట. 100 కోట్ల ఆర్డరు గెలిచిన సంబరంలో ఈ 52 కోట్లు ఎక్కడినుంచి తేవాలో ఆలోచించనివాళ్లు ఆరో నెలకే సప్లయర్లకి ముఖం చాటేస్తారు. ఆలస్యమైతే వారానికి అర శాతం లెక్కన కోత కూడా ఉంటుంది. సెన్సరు రాక ఆలస్యమైందా, సరుకు పంపే ముందు తనిఖీ చేసే పీడీఐ ఇన్‌స్పెక్టరు రాక ఆలస్యమైందా అన్న వాదన తర్వాత, ముందు బిల్లులో కోసేస్తారు.

ఐడియాఫోర్జ్ 2023 జూన్‌లో ఐపీవోకి వచ్చినప్పుడు మొత్తం 567 కోట్లలో కంపెనీ చేతికొచ్చే ఫ్రెష్ ఇష్యూ 240 కోట్లే, మిగతాది పాత వాటాదారులు అమ్ముకున్నది. ఆ 240లో వర్కింగ్ క్యాపిటల్‌కి (బిల్లు డబ్బు వచ్చేదాకా పని నడపడానికి) 135 కోట్లు, అప్పు తీర్చడానికి 50, కొత్త మోడళ్ల అభివృద్ధికి 40 అని ప్రాస్పెక్టస్‌లో రాశారు. పైన చెప్పిన గుంట సంగతి వాళ్లకి బాగా తెలుసునని ఈ పంపకమే చెబుతుంది. జనం మాత్రం ప్రాస్పెక్టస్ చదివినట్టు లేదు. ఇష్యూకి 106 రెట్లు దరఖాస్తులొచ్చాయి. 672 రూపాయల షేరు జూలై 7న 1,300 దగ్గర మొదలైంది. 2025 మార్చి నాటికి ఇష్యూ ధరలో సగం దగ్గరికి దిగింది.

ఖాళీ ఏడాదిలో ఏం జరుగుతుందో ఊహించడం కష్టం కాదు. ఆర్డరు లేదని ఆటోపైలట్ రాసే ఇంజినీర్లని పంపేస్తే, వచ్చే ఏడాది ఆర్డరొచ్చినప్పుడు వాళ్లు ఇంకో కంపెనీలో ఉంటారు. కాబట్టి జీతాలు, ఆర్ అండ్ డీ ఖర్చు అలాగే నడుస్తాయి. ఆదాయం సగమైతే నష్టం రావడానికి కారణం ఇదే, ఖర్చు సగం కాదు కాబట్టి.

ఇక విడిభాగాల సంగతి. 2022 ఫిబ్రవరిలో కేంద్రం విదేశీ డ్రోన్ల దిగుమతిని ఆపేసింది, పరిశోధనకీ రక్షణ అవసరాలకీ మినహాయింపు ఇచ్చింది. విడిభాగాల దిగుమతికి మాత్రం అడ్డు పెట్టలేదు. దాంతో ఫ్రేము ఇక్కడ అచ్చుపోసి, లోపల చైనా ఫ్లైట్ కంట్రోలరు, చైనా ఈఎస్‌సీ పెట్టి స్వదేశీ అనే స్టిక్కరేసినవాళ్లు పుట్టుకొచ్చారు. 2025 ఫిబ్రవరిలో చైనా భాగాలున్నాయన్న కారణంతో 400 లాజిస్టిక్స్ డ్రోన్ల ఒప్పందాలు రద్దయ్యాయి, వాటి విలువ 230 కోట్ల పైమాటే. ఇప్పుడు పీసీబీ (సర్క్యూట్ బోర్డు) మీద చిప్ దాకా విప్పి చూస్తున్నారు. డేటా లింకు, జీపీఎస్ రిసీవరు, ఫ్లైట్ కంట్రోలరు, ఈ మూడింటిలో చైనా సరుకు ఉంటే దొరికిపోయినట్టే. మోటార్లది వేరే తలనొప్పి. మోటారు ఇక్కడే చుట్టుకోవచ్చు, అందులో నియోడిమియం అయస్కాంతాలు ఎక్కడివి? వేడికి తట్టుకోవడానికి వాటిలో కలిపే డిస్ప్రోసియం, టెర్బియం ఎగుమతి మీద చైనా 2025 ఏప్రిల్‌లో లైసెన్సులు పెట్టింది. అయస్కాంతాల స్టాకు ఆరు నెలలకి సరిపడా ఉంచుకోవాలంటే అదీ వర్కింగ్ క్యాపిటలే.

2025 మేలో ఆపరేషన్ సిందూర్ తర్వాత అత్యవసర కొనుగోళ్ల తలుపు మళ్లీ తెరుచుకుంది. జూన్‌లో రక్షణశాఖ 13 ఒప్పందాలు, దాదాపు 1,982 కోట్లవి, ఇలా పూర్తి చేసింది. అదే నెలలో ఐడియాఫోర్జ్‌కి హైబ్రిడ్ మినీ యూఏవీల (చిన్న డ్రోన్ల) కోసం సుమారు 137 కోట్ల ఆర్డరు వచ్చింది, 12 నెలల్లో ఇవ్వాలి. అంతకు ముందు ఏడాది మొత్తం ఆదాయం 161 కోట్లని గుర్తుంచుకుంటే, ఒక్క కాగితం ఒక ఏడాదిని ఎలా తిప్పేస్తుందో తెలుస్తుంది.

ఇది ముంబై కంపెనీ ఒక్కదాని కథ కాదు. మన హైదరాబాద్ జెన్ టెక్నాలజీస్‌ని స్టార్టప్ అనలేం, 1993 నాటిది. సిమ్యులేటర్లు, యాంటీ డ్రోన్ వ్యవస్థలు చేస్తుంది. 2023-24లో దాదాపు 440 కోట్ల ఆదాయం, మరుసటి ఏడాది 970 కోట్ల పైన. ఆ వెంటనే 2025 ఏప్రిల్-జూన్ త్రైమాసికంలో ఏడాది కిందటితో పోలిస్తే ఆదాయం మూడో వంతు పైగా తగ్గింది. ముప్పై ఏళ్ల కంపెనీకైనా ఈ ఎగుడుదిగుళ్లు తప్పవు. తేడా ఏమిటంటే పాత కంపెనీ అమ్మినవాటికి ఏటా మెయింటెనెన్స్ డబ్బు వస్తుంటుంది. డ్రోన్ కంపెనీలకి ఆ వాటా ఇంకా చిన్నది.

అమెరికాలో ఆండురిల్ అనే రక్షణ టెక్నాలజీ కంపెనీని చూపించి మనవాళ్లు ఎందుకు అలా ఎదగరని అడిగేవాళ్లున్నారు. 2017లో పుట్టి 2024కి వంద కోట్ల డాలర్ల ఆదాయం దగ్గరికొచ్చింది, నిజమే. 2025 జూన్‌లో అది ఒక్క విడతలో 250 కోట్ల డాలర్లు సమీకరించింది. ఆర్డరు రాకముందే సొంత డబ్బుతో వస్తువు చేసిపెట్టుకునే పద్ధతి దానిది. అంత డబ్బు వెనకుంటే ఖాళీ ఏడాది ఖాళీలా కనిపించదు.

ఇలాంటి కంపెనీ వార్షిక నివేదిక చేతిలోకి తీసుకుంటే ముందు చైర్మన్ ఉత్తరం వదిలేయండి. మార్చి 31 నాటి ఆర్డర్ బుక్కుని (చేతిలో ఉన్న, ఇంకా సరుకు ఇవ్వాల్సిన ఆర్డర్ల మొత్తాన్ని) ఆ ఏడాది ఆదాయంతో భాగించండి, సగం కూడా లేకపోతే వచ్చే ఏడాది గురించి ఎవరేం చెప్పినా ఆశే. నాలుగో త్రైమాసికంలోనే ఆదాయమంతా పోగుపడిందా చూడండి. సర్కారు ఆర్థిక సంవత్సరం చివర్లో సరుకు తీసుకుంటుంది కాబట్టి అది సహజమే, కానీ అప్పుడు మార్చి నెల బాకీలు కూడా భారీగా ఉంటాయి. అందుకే మొత్తం బాకీ ఎంతో చూసి వదలకుండా, ఏ బాకీ ఎన్నాళ్ల నుంచి ఉందో చెప్పే ఏజింగ్ పట్టిక తెరవాలి. 2021-22 నుంచి కంపెనీలన్నీ దీన్ని నోట్సులో ఇవ్వాలి. ఆరు నెలలు దాటిన బాకీ పెరుగుతుంటే ఇన్‌స్పెక్షన్ దగ్గరో, కోతల వివాదంలోనో బిల్లు ఇరుక్కుందని అర్థం. అదే నోట్సులో ‘అభివృద్ధిలో ఉన్న ఇంటాంజిబుల్ ఆస్తులు’ అనే ఇంకో పట్టిక ఉంటుంది, దానికీ ఏజింగ్ ఇస్తారు. ఇంజినీర్ల జీతాల్లో కొంత ఖర్చుగా రాయకుండా ఆస్తిగా చూపించేది అక్కడే. రెండేళ్లు దాటినా అక్కడే కూర్చున్న మోడల్ ఉంటే, దానికి ట్రయల్ తేదీ ఉందా లేదా అని ఇన్వెస్టర్ కాల్‌లో అడగండి.