ఉంబ్రికియస్ ఎవరి గొంతుతో మాట్లాడుతున్నాడు?

విజయనగరంలో మా ఇంటి అరుగు మీద ఆదివారం సాయంత్రం నలుగురైదుగురం కూర్చుని ఏదో ఒక పాత కావ్యాన్ని చదువుకోవడం కొన్నేళ్లుగా సాగుతున్న అలవాటు. ఈ వేసవిలో రోమన్ కవి జువెనల్ రాసిన మూడవ సతురను ఎంచుకున్నాము. సతుర అంటే లోకపు తీరును ఎత్తిపొడుస్తూ రోమన్ కవులు రాసిన పద్యం, ఇంగ్లీషులో సటైర్ అంటారు. లాటిన్‌నూ ఇంగ్లీషు అనువాదాన్నీ పక్కపక్కన అచ్చువేసే లోబ్ గ్రంథమాల ఎర్ర అట్ట సంపుటంలో ఎడమ పుటన ఉన్న లాటిన్‌ను కూడబలుక్కుంటూ, కుడి పుటన ఉన్న ఇంగ్లీషును ఆసరా చేసుకుంటూ నేను తెలుగులో అర్థం చెబుతున్నాను. 62వ పాదం దగ్గరికి వచ్చేసరికి, సిరియా దేశపు ఒరొంటీస్ నది ఎప్పుడో వచ్చి రోమ్ నగరపు నది టైబర్‌లో కలిసిపోయిందని, తన భాషనూ ఆచారాలనూ వాద్యాలనూ వెంట మోసుకొచ్చిందని ఉంబ్రికియస్ అనే పాత్ర రోమ్ నగరంలోని వలసదారుల మీద విరుచుకుపడుతుంది. మాలో ఒకామెది సోంపేట దగ్గరి పల్లె. ఆమె తమ్ముడు గల్ఫ్‌లో వెల్డింగ్ పని చేస్తాడు. ఆమె పుస్తకం మూసి, "మాస్టారూ, ఇతను మా తమ్ముణ్ణే తిడుతున్నట్టుందండి. అక్కడ మా వాళ్లను ఇలాగే అంటారట. ఇలాంటిదాన్ని ఇన్ని వందల ఏళ్లు దాచుకుని చదవడం ఎందుకండి?" అని అడిగింది.

ఆ రోజు నేను సరైన జవాబు చెప్పలేకపోయాను. ఆ ప్రశ్న కొత్తది కాదని, రోమన్ అధిక్షేప కవిత్వాన్ని ఎలా చదవాలనే విషయం మీద పండితులు చేసిన వాదోపవాదాలన్నీ ఏదో ఒక విధంగా దాని చుట్టూనే తిరిగాయని ఇంటి నిండా పుస్తకాలు పరుచుకుని కూర్చున్నాక గాని నాకు స్పష్టం కాలేదు.

ముందుగా కావ్యంలో ఏముందో చెప్పాలి. మూడవ సతురలో 322 పాదాలు ఉన్నాయి. కవి తన గొంతుతో పలికేది మొదటి 20 పాదాలు మాత్రమే. రోమ్ నగరపు కపేనా ద్వారం దగ్గర ఒకే ఒక బండి మీద ఇల్లంతా సర్దుకుని కూమే అనే ఊరికి తరలిపోతున్న తన పాత మిత్రుడు ఉంబ్రికియస్‌ను కవి సాగనంపడానికి వస్తాడు. అక్కడి నుంచి చివరిదాకా మాట్లాడేది ఉంబ్రికియస్ ఒక్కడే. కూలిపోయే మేడలు, రాత్రి మంటలు, పై అంతస్తుల నుంచి తల మీద పడే కుండపెంకులు, నిద్ర పట్టనివ్వని బండ్ల చప్పుడు, బీదవాడి సాక్ష్యానికి విలువ ఇవ్వని న్యాయస్థానం, అన్నిటినీ అతను ఏకరువు పెడతాడు. బీదరికంలోని అన్ని బాధలకన్నా కఠినమైనది అది మనిషిని నలుగురిలో నవ్వులపాలు చేయడమేనని 152వ పాదంలో మొదలయ్యే మాట చదివినప్పుడు, ఒరొంటీస్ పాదానికి నొచ్చుకున్న ఆమె కళ్లు కూడా చెమర్చాయి. ఒకే నోటి నుంచి ఈ రెండు మాటలూ రావడమే ఈ కావ్యంలోని చిక్కు.

పాత పద్ధతిలో ఈ చిక్కును విప్పడం తేలిక. ఉంబ్రికియస్ అంటే జువెనలే, అతని కోపం కవి కోపమే, ఆ కోపానికి కారణం కవి జీవితంలోనే దొరుకుతుందని పండితులు చెప్పేవారు. అయితే జువెనల్ జీవితం గురించి సమకాలికులు చెప్పిన మాట అంటూ ఉన్నది అతని మిత్రుడు మార్షియల్ చిన్న పద్యాలలో మూడుచోట్ల ప్రస్తావించినంత మాత్రమే. మిగిలినవి ఎంతో కాలం తరువాత ప్రతులకు అతికించిన సంక్షిప్త చరిత్రలు. ఒక నటుణ్ణి ఎత్తిపొడిచినందుకు చక్రవర్తి అతణ్ణి దూరదేశానికి పంపేశాడనే కథ వాటిలోదే. ఆ నటుడి ప్రస్తావన ఏడవ సతురలో ఉంది కనుక, కథ పద్యంలోంచి పుట్టి ఉండవచ్చుననే అనుమానానికి చోటుంది. గిల్బర్ట్ హైయెట్ 1954లో రాసిన గ్రంథం ఈ కథను నమ్మి, సతురలన్నిటినీ ఒక గాయపడ్డ మనిషి ఆత్మకథగా చదివింది. ఆ పుస్తకం ఎంతో హృద్యంగా ఉంటుంది, నేను దాన్ని ఇష్టంగానే చదివాను. కానీ పద్యం నుంచి జీవితాన్ని కట్టి, ఆ జీవితంతో మళ్లీ పద్యానికి అర్థం చెప్పడం గుండ్రంగా తిరిగి బయలుదేరిన చోటికే చేరడం.

మనకు ఇది బాగా తెలిసిన వ్యవహారమే. గోగులపాటి కూర్మనాథ కవి సింహాద్రి నారసింహ శతకంలో, శత్రుసేన వచ్చి ఊళ్లను కొల్లగొడుతుంటే చూస్తూ ఊరుకున్నావేమని దేవుణ్ణి నిలదీస్తాడు. ఆ పద్యాలు వినగానే తుమ్మెదల దండు లేచి సేనను తరిమివేసిందనే కథను మా ప్రాంతంలో పెద్దలు భక్తితో చెప్పుకుంటారు. ఆ భక్తిని నేను గౌరవిస్తాను. అయినా శతకాన్ని చదివేటప్పుడు, నిందాస్తుతి అనే మర్యాదను పాటిస్తూ ఒక కవి ఎంత తెగువతో ఎంత చనువుతో మాట్లాడగలిగాడో చూడాలంటే, ఆ కథను కాసేపు పక్కన పెట్టవలసి ఉంటుంది.

రోమన్ కవుల విషయంలో అలా పక్కన పెట్టే పద్ధతిని ఇరవయ్యవ శతాబ్దపు మధ్యకాలంలో అమెరికా విమర్శకులు బలంగా నిలబెట్టారు. 1951లో మేనార్డ్ మాక్, 1959లో ఆల్విన్ కెర్నన్ ప్రధానంగా ఇంగ్లీషు అధిక్షేప సాహిత్యం గురించి రాస్తూ, అందులో "నేను" అని మాట్లాడేది కవి కాదని, కవి తొడుక్కున్న ముసుగు అని వాదించారు. లాటిన్‌లో పర్సోనా అంటే నాటకంలో నటుడు పెట్టుకునే ముసుగే. విలియం ఆండర్సన్ ఆ వాదాన్ని సతురలు రాసిన రోమన్ కవులు హొరేస్, పెర్సియస్, జువెనల్‌ల మీదికి తెచ్చాడు. రోమన్ యువకులు వాగ్వాద పాఠశాలల్లో కల్పిత సందర్భాలకు తగిన కోపాన్ని, జాలిని, ధర్మాగ్రహాన్ని అభ్యాసం చేసేవారు. ఆ చదువు చదువుకున్న కవి మొదటి సతురలో ఆగ్రహమే పద్యాన్ని పుట్టిస్తుందని చెప్పినప్పుడు, అది గుండె పగిలి చెప్పిన మాటే కావచ్చు గాని, నేర్చుకున్న విద్య కూడా అనే సంగతి మరవకూడదు. 1897లో తొలిసారి అచ్చయి, 1909లో మార్పులతో మళ్లీ వచ్చిన కన్యాశుల్కం చదివి గిరీశం ఉపన్యాసాలను గురజాడ అభిప్రాయాలని మా ఊరిలో ఎవరూ పొరబడరు. నాటకంలో పాత్ర పేరు పక్కనే ఉంటుంది కనుక ముసుగు కనిపిస్తుంది. సతురలో ఆ పేరు ఉండదు, ఉన్నా కథకుడి మిత్రుడి రూపంలో ఉంటుంది.

ముసుగు ఉన్నదనడానికి కావ్యంలోనే ఆధారం కావాలి. మూడవ సతురలో అది దొరుకుతుంది. 41వ పాదంలో ఉంబ్రికియస్, రోమ్‌లో నేనేం చేయగలను, నాకు అబద్ధమాడటం రాదు, అంటాడు. ఎంతో నిజాయితీపరుడనిపిస్తుంది. తరువాత గ్రీకులు ధనవంతుల ప్రాపకం కోసం చేసే ముఖస్తుతిని అసహ్యించుకుంటూ వర్ణించి, 92వ పాదంలో, అవే పొగడ్తలు మేమూ పొగడగలము, కానీ నమ్మేది వాళ్లనే, అంటాడు. ఇక్కడ నేను చాలాసేపు ఆగిపోయాను. అబద్ధం రానివాడికి ఆ పోటీలో ఓడిపోయానన్న బాధ ఎందుకు? అతని కడుపులో ఉన్నది ధర్మాగ్రహం ఒక్కటే కాదు, తనకు రావలసిన విందు భోజనం పరాయివాడికి దక్కిందన్న ఉక్రోషం కూడా. కవి ఈ మాటను అతని చేత కావాలనే చెప్పించాడని నేను నమ్ముతున్నాను. అంత కొద్ది దూరంలో అంతటి విరుద్ధమైన మాటలు పొరపాటున పడవు.

అయితే ఈ పద్ధతితో ఒక ప్రమాదం ఉంది. మాట నాది కాదు, ముసుగుది అనేస్తే కవి మీద ఏ నేరమూ నిలవదు. 1983లో వచ్చిన గ్రంథంలో ఆమీ రిచ్లిన్ రోమన్ హాస్యంలో స్త్రీల మీద, బలహీనుల మీద కురిసే దూషణను గట్టిగా పట్టించుకుంది. పలికింది ఎవరైనా, ఆ నవ్వు ఎవరి మీద పడుతున్నది, ఎవరు కలిసి నవ్వుతున్నారు అనేవి ఆమె అడగమన్న ప్రశ్నలు. రోలండ్ మేయర్ 2003లో మరో వైపు నుంచి వచ్చి, ప్రాచీన పాఠకులు కవినీ పద్యంలోని గొంతునూ మనలాగా విడదీయలేదని వాదించాడు. అది సగమే నిజమని నా అభిప్రాయం. కవి శీలవంతుడుగా ఉండాలి గాని అతని పద్యాలకు ఆ అవసరం లేదని జువెనల్ కన్నా ఒకటిన్నర శతాబ్దాల ముందే రోమన్ కవి కటల్లస్ తన 16వ పద్యంలో అన్నాడంటే, రెండిటినీ ఒకటిగా చూసే పాఠకులూ ఉన్నారు, విడదీయమని అడిగిన కవీ ఉన్నాడు. రిచ్లిన్ మాట మాత్రం నన్ను వదలలేదు. మా అరుగు మీద గాయపడ్డ ఆమెకు, అది ఉంబ్రికియస్ మాటే గాని కవిది కాదండీ అని చెప్పడం న్యాయశాస్త్రపు జవాబు అవుతుంది గాని సాహిత్యపు జవాబు కాదు.

ముందుగానే ఒక కవిని ఊహించుకుని చదవడం ఎంత దూరం తీసుకుపోతుందో చెప్పడానికి పాఠపరిష్కారం, అంటే రాతప్రతులలో కవి అసలు మాటలేవో తేల్చే పని, దాని చరిత్ర చాలు. జర్మన్ పండితుడు ఒట్టో రిబ్బెక్ 1865లో అసలు జువెనల్ వేరు, నకిలీ జువెనల్ వేరు అంటూ, 10వదానితో సహా తరువాతి సతురలలో చాలావాటిని తోసిపుచ్చాడు. కోపం తగ్గి, లోకాన్ని చూసి నవ్విన తత్త్వవేత్త డెమోక్రిటస్‌ను తలచుకునే కవి రిబ్బెక్ మనసులోని జువెనల్‌కు సరిపోలేదు. ఆ మార్పును లోపంగా చూడకుండా, కవి తన గొంతును బుద్ధిపూర్వకంగా మార్చుకున్నాడని, సతురల మూడవ సంపుటిలోనే ఆ మలుపు కనిపిస్తుందని సుసానా బ్రాండ్ 1988లో వివరించింది. ఒకే సమాచారం, ఒకరికి దొంగ ప్రతి, మరొకరికి కళ. ఇక 1899లో విన్‌స్టెడ్ అనే ఆక్స్‌ఫర్డ్ విద్యార్థి బోడ్లియన్ గ్రంథాలయంలోని ఒక రాతప్రతిలో, ఆరవ సతురలో అప్పటిదాకా ఎవరూ ఎరుగని 36 పాదాలను గుర్తించాడు. అవి కవివేనని 1905లో తన పరిష్కరణలో ఇంగ్లీషు పండితుడు హౌస్‌మన్ సమర్థించాడు, కాదన్నవారూ ఉన్నారు. ప్రక్షిప్తాల గొడవతోనే పెరిగిన వేమన పద్యాల పాఠకులకు ఈ తగవు పరాయిది కాదు.

ఈ ప్రక్రియ పేరు దగ్గరా కొంత ఆగాలి. రకరకాల పదార్థాలతో నిండిన పళ్లెం అనే అర్థంలో సతుర అన్న మాట వచ్చిందనేది డయోమెడీస్ అనే వ్యాకరణవేత్త చెప్పిన వ్యుత్పత్తులలో ఒకటి. గ్రీకు నాటకంలోని సాటిర్లు అనే అడవి జీవులతో దానికి సంబంధం లేదని 1605లో ఐజాక్ కసొబన్ అనే పండితుడు తేల్చాడు. సతుర పూర్తిగా మాదేనని రోమన్ వాగ్విద్యా గురువు క్వింటిలియన్ గర్వంగా చెప్పుకున్నది కూడా అందుకే. మనం దీన్ని వ్యంగ్యం అని తెలుగు చేస్తున్నాము గాని, ఆ మాట అలంకారశాస్త్రంలో ధ్వనించే అర్థానికి పెట్టిన పేరు కనుక నాకు తృప్తిగా లేదు. అధిక్షేపం అంటే జువెనల్‌కు సరిపోతుంది, కానీ మిత్రులతో బ్రుండీసియం దాకా చేసిన ప్రయాణాన్ని, కప్పల అరుపులనూ దోమలనూ చెప్పే హొరేస్ సతురకు పెద్ద చొక్కా తొడిగినట్టుంటుంది. అందుకే సతుర అనే రాస్తున్నాను.

అనువాదంలో పోయేది మరొకటి ఉంది. తొలినాటి సతుర కవి లూకిలియస్ తొలి ప్రయోగాల తరువాత ఆరు గణాల హెక్సామీటర్‌లో స్థిరపరచిన ఈ ప్రక్రియ, వీరకావ్యాల ఛందస్సులో వీధి మురికిని పాడుతుంది. శార్దూలవిక్రీడితం నడకలో మున్సిపాలిటీ కుళాయి దగ్గరి తగాదాను వర్ణించినట్టు ఊహించుకుంటే, పాత వీరులతో పోల్చుకుని ఉంబ్రికియస్ ఒంటి బండి ఎంత చిన్నదిగా కనిపిస్తుందో, అతని డంబం ఎంత పెద్దదిగా వినిపిస్తుందో తెలుస్తుంది. రోమన్ శ్రోతకు చెవిలోనే అందిన ఈ సంకేతం మనకు పాదసూచికల్లో తప్ప దొరకదు.

మరుసటి ఆదివారం నేను ఇదంతా చెప్పాక, ఆమె పుస్తకం తీసుకుని 92వ పాదాన్ని మళ్లీ రెండుసార్లు చదివించుకుంది. "తమ్ముణ్ణి తిట్టే అక్కడి మేస్త్రీ కూడా ఇదే అంటాడటండి, మాకు రావలసిన పని వీళ్లకిస్తున్నారని. అతనిదీ బీద బతుకే. అతని మాటల్లోనూ నేను ఈ మెలిక పట్టగలనా అని చూస్తాను. అయినా మాస్టారూ, తిట్టు మాత్రం తిట్టేనండి," అంది. నేను కాదనలేదు. ఈజిప్టువాళ్లను అంత ఘోరంగా ద్వేషించి, చివరికి కన్నీళ్లను ఇచ్చిన ప్రకృతి మనిషికి అన్నిటికన్నా మెత్తని గుండెను ఇచ్చిందని పలికే 15వ సతురను వచ్చే వారానికి తనే ఎంచుకుని, ఆ పుటలో బస్ టికెట్ ముక్క పెట్టి పుస్తకం ఇంటికి తీసుకువెళ్లింది.