టోక్యో టైము

మా నాయనమ్మ ట్రంకు పెట్టెలోని కాగితాల్లో మా అమ్మాయి తడుముకోకుండా చదివింది ఒక్కటే: జపాను వాళ్ల పది రూపాయల నోటు. దాని మీద ‘ది జపనీస్ గవర్నమెంట్’ అని ఇంగ్లీషులో ఉంది మరి. అడుగున ఉన్న తెలుగు ఉత్తరాలను అటూ ఇటూ తిప్పి పక్కన పెట్టేసింది. బరంపురంలో పుట్టిన పిల్ల, బడిలో ఒడియా, ఇంగ్లీషు. తప్పు నాదే. వేసవి సెలవుల్లో అక్షరాలు దిద్దిద్దామనుకుంటూ ఆరు వేసవులు దాటేశాను.

“జేజేమాకి ఈ నోటు ఎక్కడిది?” అంది. మా ఇంట్లో నాయనమ్మ కూడా ఒడియా వాళ్ల జేజేమా అయిపోయింది.

గోపాలపూర్ రేవులో ఓడెక్కి రంగూన్ వెళ్లిన గంజాం తెలుగువాళ్లలో నాయనమ్మ తండ్రి ఒకరు. బియ్యం మిల్లులో పని. 1941 డిసెంబరులో బాంబులు పడ్డాక లక్షల మంది ఇండియా దారి పట్టారు. ఇంట్లో నిండు చూలాలు, వీళ్లు కదలలేకపోయారు. 1942 మార్చిలో జపాను సైన్యం వచ్చేనాటికి నాయనమ్మకు పదేళ్లు.

బాంబుల సంగతి ఆమె ఎప్పుడో గానీ ఎత్తేది కాదు. టైము సంగతి మాత్రం నవ్వుతూ చెప్పేది. వచ్చినవాళ్లు ఊరి గడియారాలను టోక్యో టైముకు, రెండున్నర గంటలు ముందుకు తిప్పించారు. చలికాలంలో తొమ్మిది కావస్తే గానీ తెల్లవారేది కాదు. మిల్లు కూత టోక్యో టైముకి, వాళ్లమ్మ పొయ్యి రాజేయడం కోడి కూతకి. కాపలా సిపాయి ఎదురైతే నడుం వంచాలి, మరిచిపోతే చెంప పగిలేది. బట్ట కరువు. గోనెసంచికి మూడు కన్నాలు చేసి తొడిగారట. మెడ దగ్గర పీచు గుచ్చుకోకుండా అరటాకు ముక్క మడిచి దోపుకునేది.

1945 మేలో ఇంగ్లీషువాళ్లు తిరిగొచ్చారు, జపాను నోట్లు చెల్లకుండా పోయాయి. దాచిన జీతమంతా పొయ్యిలో పెట్టి గంజి కాచుకున్నారు. ఈ ఒక్క నోటు ఎలా మిగిలిందో!

“వాళ్లింట్లో గడియారం కూడా మార్చారా?” ఒడియాలో అడిగింది.

“వాళ్లకు గడియారం ఎక్కడిదే!” తెలుగులో అన్నాను.

కాసేపాగి ఒక ఉత్తరం నా చేతిలో పెట్టింది. మొదటి మాట ఏమిటట.

“ఉభయకుశలోపరి.”

“అంటే?”

ఒడియాలో చెప్పబోయాను. మాట దొరకలేదు.