డైలిథియం: శక్తిని పుట్టించని స్ఫటికం

ఒక కల్పిత పదార్థాన్ని నమ్మాలంటే అది ఏమి చేయగలదో తెలిస్తే సరిపోదు, ఏమి చేయలేదో కూడా తెలియాలి. స్టార్ ట్రెక్ అనే వైజ్ఞానిక కల్పనా ధారావాహికల, చిత్రాల ప్రపంచంలోని డైలిథియం స్ఫటికం నాకు ఇన్నేళ్లుగా నచ్చుతూ రావడానికి కారణం అదే. అది వ్యోమనౌకను నడిపే ఇంధనమని చాలామంది అనుకుంటారు కాని, దానిలో నుంచి ఒక్క జౌలు శక్తి కూడా పుట్టదు. శక్తి అంతా పదార్థమూ, విద్యుదావేశం వంటి గుణాలు తారుమారైన దాని ప్రతిరూపం ప్రతిపదార్థమూ కలిసి నశించినప్పుడు వెలువడుతుంది. ఆ కలయిక ఎక్కడ, ఎంత మోతాదులో జరగాలో నియంత్రించడమే స్ఫటికం పని.

ఆ నియంత్రణ ఎందుకు అవసరమో లెక్క వేసి చూస్తే తెలుస్తుంది. ఒక గ్రాము ప్రతిపదార్థం ఒక గ్రాము పదార్థంతో కలిసి పూర్తిగా నశిస్తే దాదాపు 43 కిలోటన్నుల టీఎన్‌టీకి సమానమైన శక్తి విడుదలవుతుంది. హిరోషిమాపై పడిన బాంబు శక్తికి ఇది సుమారు మూడు రెట్లు. వాస్తవ ప్రపంచంలో ప్రతిపదార్థాన్ని ఏ గోడకూ తగలకుండా అయస్కాంత క్షేత్రాల మధ్య వేలాడదీసి ఉంచాలి. 2011లో ఐరోపా కణభౌతిక పరిశోధనశాల సెర్న్‌లోని ఆల్ఫా ప్రయోగ బృందం ప్రతిహైడ్రోజన్ పరమాణువులను 1000 సెకన్లపాటు పట్టి ఉంచగలగడమే అప్పట్లో పెద్ద విజయం. ప్రతిపదార్థం తాకినా నశించని ఘనపదార్థం ఒకటి ఉంటే ఎంత బాగుండునన్న భౌతికశాస్త్రవేత్తల కోరికకు డైలిథియం కథకుల సమాధానం.

ఆ సమాధానానికి కొంత యంత్రాంగాన్ని కూడా కల్పించారు. 1991లో వెలువడిన స్టార్ ట్రెక్ సాంకేతిక కరదీపిక ప్రకారం, మెగావాట్ల స్థాయిలో అధిక పౌనఃపున్యం గల విద్యుదయస్కాంత క్షేత్రంలో ఉంచినప్పుడు డైలిథియం ప్రతిహైడ్రోజన్‌తో చర్య జరపదు, దానిని తనలో నుంచి పోనిస్తుంది. క్షేత్రం లేకపోతే ఆ గుణమూ లేదు. బయటి కంపనానికి లోపలి పరమాణువుల అమరిక (జాలకం) స్పందించినంతసేపే తలుపు తెరుచుకుని ఉంటుందన్న ఈ భావన అనునాదానికి చాలా దగ్గరిది. శృతిదండాన్ని మోగించి గొట్టంపై పట్టుకుని, నీటిమట్టాన్ని దించుతూ ధ్వని ఒక్కసారిగా పెరిగే చోటును వెతికిన ఇంటర్మీడియట్ విద్యార్థులందరికీ తెలిసిన సూత్రమే: బయటి పౌనఃపున్యం వస్తువు సహజ పౌనఃపున్యంతో కలిసినప్పుడు స్పందన అనేక రెట్లు పెరుగుతుంది.

నిజమైన స్ఫటికాలూ ఇటువంటి పనులు చేస్తాయి. చేతిగడియారంలోని క్వార్ట్జ్ ముక్క సెకనుకు 32,768 సార్లు కంపిస్తూ కాలాన్ని కొలుస్తుంది, కాని గడియారాన్ని నడిపే శక్తి మాత్రం బ్యాటరీదే. డైలిథియం ఊహకు ఇంకా దగ్గరగా వచ్చేది మరొక దృగ్విషయం: కాంతిని మింగేసే వాయువుపై సరైన పౌనఃపున్యం గల రెండో లేజర్‌ను ప్రసరిస్తే అది ఆ కాంతికి పారదర్శకమవుతుంది. భౌతికశాస్త్రవేత్త లేనె హౌ బృందం 1999లో సోడియం పరమాణువుల మేఘంలో కాంతి వేగాన్ని సెకనుకు 17 మీటర్లకు తగ్గించింది ఈ పద్ధతిలోనే. అక్కడ దారి దొరికింది కాంతికే తప్ప ప్రతిపదార్థానికి కాదు. ఆ రెండింటి మధ్య ఉన్న దూరమే కల్పన.

పేరు విషయంలో మాత్రం రచయితలు అంత జాగ్రత్తపడలేదు. 1966 నాటి తొలి ఎపిసోడ్లలో ఒకదానిలో ఇవి ఉత్త లిథియం స్ఫటికాలు. ‘డై’ తరువాత వచ్చి చేరింది. రెండు లిథియం పరమాణువులు కలిసిన అణువు నిజంగానే ఉంది, అయితే అది లిథియం ఆవిరిలో కనిపించే బలహీనమైన బంధం, రత్నంలా మెరిసే స్ఫటికం కాదు. దీనిని నేను పెద్ద లోపంగా పట్టించుకోను.

ఈ పదార్థానికి ఉన్న హద్దులు కథలకు బాగా పనికివచ్చాయి. అది గనుల్లో మాత్రమే దొరకడం వల్ల గ్రహాల మధ్య రాజకీయం పుట్టింది. 1986 నాటి స్టార్ ట్రెక్ చిత్రంలో స్ఫటికాలు క్షీణించిపోతుంటే, వాటిని మళ్లీ గట్టిపరచడానికి శాన్‌ఫ్రాన్సిస్కో తీరంలోని అణుశక్తి విమానవాహక నౌకలో ఫోటాన్ల కోసం వెతకవలసి వచ్చింది.

2020లో మొదలైన ‘స్టార్ ట్రెక్: డిస్కవరీ’ ధారావాహిక మూడో సీజన్ దగ్గర నాకు పేచీ ఉంది. దానిని ఇంకా చూడనివారు ఇక్కడితో ఆగడం మంచిది. అందులో గెలాక్సీ అంతటా డైలిథియం ఒక్క క్షణంలో నిర్జీవమై, వార్ప్ కోర్ (పదార్థ, ప్రతిపదార్థాలు కలిసే ఇంజను) పనిచేస్తున్న నౌకలన్నీ పేలిపోతాయి. డైలిథియంతో నిండిన గ్రహంపై పుట్టి, గర్భంలోనే ఆ వాతావరణానికి అలవాటుపడిన ఒక బాలుడు తల్లి మరణాన్ని చూసి పెట్టిన కేకే దానికి కారణమని చివరకు తెలుస్తుంది. చాలామంది ప్రేక్షకులు దీనిని ఎగతాళి చేశారు. నేను మాత్రం సగం ఒప్పుకుంటాను: ఆ బాలుడి శరీరమూ ఆ గ్రహమూ ఒకే శృతిలో ఉండడం డైలిథియం గురించి ముందునుంచీ చెబుతూ వచ్చినదానికి విరుద్ధం కాదు, నియంత్రించే స్ఫటికం విఫలమైతే నౌక పేలడం దాని సహజ పర్యవసానమే.

ఒప్పుకోలేని సగం దూరానికి సంబంధించినది. ఏ కంపనమైనా ప్రయాణిస్తున్న కొద్దీ క్షీణిస్తుంది. సబ్‌స్పేస్ అనే కల్పిత మాధ్యమం క్షీణత లేకుండా మోసుకుపోతుందని సర్దుకున్నా, స్ఫటికాల సహజ పౌనఃపున్యాలు అన్నీ ఒకటే ఎలా అవుతాయి? క్వార్ట్జ్‌ను ఏ దిశలో, ఎంత మందంలో కోశారో, ఎంత వేడిలో ఉంచారో దానిని బట్టి దాని పౌనఃపున్యం మారుతుంది. ఒక్కో నౌకలో ఒక్కో తీరుగా కోసి, ఒక్కో క్షేత్రంలో పనిచేస్తున్న వేలాది స్ఫటికాలలో కొన్నైనా ఆ కేకకు స్పందించకుండా ఉండిపోవాలి. అలా బయటపడిన నౌకలోని ఇంజనీరు, చుట్టూ ఉన్నవన్నీ పేలిపోయి తన కోర్ మాత్రం ఎందుకు మిగిలిందో కొలిచి తెలుసుకునే ఎపిసోడ్ ఒకటి తీసి ఉంటే, ఆ సీజన్ రహస్యం మొదటి సగంలోనే తేలిపోయి ఉండేది.