ఈ పూట ఎవరి స్థానంలో?

లండన్‌లో ఉగాది వేడుకకు వెళ్ళినప్పుడల్లా, నేను వెస్ట్ ఎండ్ మ్యూజికల్ నాటకాలలో నటినని తెలిసిన పెద్దవాళ్ళు ముందుగా అడిగేది "ఏ పాత్ర వేస్తున్నావమ్మా?" అనే. ఆ ప్రశ్నకు ఒక్క మాటలో జవాబు చెప్పడం నాకు ఇప్పటికీ కష్టమే. వారానికి ఎనిమిది ఆటలు పడతాయి, ప్రతి ఆటకూ నేను థియేటర్‌లో ఉంటాను, కాని చాలా రాత్రులు రంగస్థలం మీదికి అడుగు పెట్టను. బృందంలో పాడుతూ ఆడే ఆరుగురు స్త్రీలలో ఎవరికి జ్వరం వచ్చినా, ఎవరి మోకాలు వాచినా, ఎవరు సెలవు పెట్టినా, ఆ పూట వాళ్ళ స్థానంలో నిలబడేది నేను. ఇక్కడ ఈ పనిని స్వింగ్ అంటారు. అండర్‌స్టడీ సాధారణంగా తన చిన్న పాత్ర తాను వేస్తూ ఒక పెద్ద పాత్రను నేర్చుకుని ఉంచుకుంటాడు. స్వింగ్‌కు తనదంటూ ఒక పాత్ర ఉండదు, అందరి పాత్రలూ ఉంటాయి.

ఇది తక్కువ పని అని మొదట్లో నేనూ బాధపడ్డాను. ఆ బాధ పోవడానికి మా తాతయ్య కారణం.

తాతయ్య తెనాలి చుట్టుపక్కల పద్యనాటకాలకు హార్మోనిస్టుగా పనిచేశారు. జీవితంలో ఒక్కసారి కూడా ముఖానికి రంగు వేసుకోలేదు. కాని రాత్రి పదింటికి మొదలై తెల్లవారేదాకా సాగే నాటకంలో కృష్ణుడి పద్యాలూ, అర్జునుడి పద్యాలూ, దుర్యోధనుడి పద్యాలూ అన్నీ ఆయనకు కంఠతా వచ్చు. ఏ నటుడిది ఏ శ్రుతి, ఎవరు పద్యం చివర రాగం ఎంతసేపు సాగదీస్తారు, ఎవరికి మూడో పాదం దగ్గర ఊపిరి అందదు అన్నది తెలియకపోతే హార్మోనియం మీద చెయ్యి వెయ్యడం అనవసరమని ఆయన అనేవారు. ఆ నాటకాలలో ఒకటో కృష్ణుడు, రెండో కృష్ణుడు అని ఒకే పాత్రకు వేర్వేరు నటులను మాట్లాడుకోవడం మామూలు. పడక సీనుకు ఒకరు, రాయబారానికి మరొకరు వచ్చేవారు. జనానికి అది తెలుసు, ఏ కృష్ణుడి కోసం వచ్చిన వాళ్ళు ఆ కృష్ణుడికి వన్స్ మోర్ కొట్టి వెళ్ళేవాళ్ళు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో వనారస గోవిందరావు గారు మొదలుపెట్టిన సురభి నాటక సమాజంలోనైతే కుటుంబమంతా రంగస్థలం మీదే పెరిగింది కనుక, ఒకరు మంచాన పడితే ఆ వేషం ఇంట్లో ఇంకొకరు కట్టేవారు. స్వింగ్ అనే పేరు లేదు గాని, ఆ పని మన నాటకాల వాళ్ళకు కొత్తది కాదు.

నేను 2013లో విద్యార్థి వీసా మీద వచ్చి ఇక్కడ మ్యూజికల్ థియేటర్ చదువుకున్నాను. పాట, మాట, నృత్యం మూడూ కలిపి నేర్పే ఆ చదువులో నన్ను అన్నిటికంటే ఇబ్బంది పెట్టింది నృత్యం కాదు, మాట చివరి హల్లు. మనది అజంత భాష. మన పద్యం చివరి అచ్చును పట్టుకుని రాగంలోకి వెళ్ళిపోతుంది, అందం అంతా అక్కడే. ఇక్కడి పాటలో మాట ఎక్కడ ముగిసిందో చివరి వరుసలో కూర్చున్న మనిషికి కూడా తెలియాలి కనుక, చివరి హల్లును సరిగ్గా తాళం మీద మూసెయ్యాలి, పదిమంది కలిసి పాడుతుంటే పదిమందీ ఒకే క్షణంలో మూసెయ్యాలి. నా నోరు ఆ హల్లు పక్కన తెలియకుండానే ఒక ఉకారాన్ని చేర్చేది. మనం ఒక్క 'వ'తో సరిపెట్టుకునే చోట ఇంగ్లీషులో రెండు ధ్వనులున్నాయి, ఒకదానికి పెదవిని పంటికి ఆనించాలి, రెండోదానికి ఆనించకూడదు. గమకం పడకుండా స్వరాన్ని తిన్నగా నిలబెట్టడానికి ఏడాదికి పైగా పట్టింది. చిన్నప్పుడు తాతయ్య ఎంతో ఓపికగా నేర్పిన వాటినే ఒక్కొక్కటిగా పక్కన పెట్టాల్సి రావడం, పరాయి దేశంలో నేను పడిన కష్టాలలో ఎవరికీ చెప్పుకోలేని కష్టం.

చదువు అయ్యాక ఆడిషన్లు. మొదటి వడపోతలో పాటలో పదహారో, ముప్పై రెండో బార్లు (బారు అంటే తాళంలో ఒక ఆవర్తనం) మాత్రమే పాడనిస్తారు. అది నచ్చితే మళ్ళీ పిలుస్తారు, తరవాత గుంపుగా నృత్య పరీక్ష, దాని తరవాత మళ్ళీ పిలుపు. ఇంట్లో ఫోన్ నిలబెట్టి తీసి పంపే సెల్ఫ్ టేపులు వీటికి అదనం. చాలా వాటికి కాదు అన్న జవాబు కూడా రాదు. అప్పటికి పెళ్ళయి, నా భర్త ఉద్యోగ వీసా మీద ఆధారపడి ఉండడం వల్ల పనిచేసే హక్కు దొరికింది. అది లేకపోతే పేరు లేని కొత్త నటి కోసం వీసా ఖర్చు భరించే నిర్మాతలు దొరకడం ఎంత కష్టమో నా తోటి విద్యార్థులను చూశాక తెలిసింది. 2002లో అపోలో విక్టోరియా థియేటర్‌లో ఎ.ఆర్. రెహమాన్ సంగీతంతో బాంబే డ్రీమ్స్ మొదలై రెండేళ్ళు ఆడినప్పుడు, దక్షిణాసియా ముఖాలకు ఒకేసారి అన్ని వేషాలు దొరికాయని పెద్దవాళ్ళు ఇప్పటికీ చెప్పుకుంటారు. నా కాలానికి పరిస్థితి ఇంకా మెరుగుపడింది. అయినా ఒక ఆడిషన్‌లో, నేను ఆరు నెలలు కష్టపడి సరిచేసుకున్న ఉచ్చారణతో సంభాషణ చెప్పగానే, "ఇంకొంచెం ఇండియన్‌గా చెప్పగలవా?" అని అడిగారు. అడిగినట్టే చెప్పాను. ఆ పని నాకు రాలేదు, వచ్చి ఉంటే చేసేదాన్ని కూడా. కాని ఆ సాయంత్రం పికడిల్లీ లైన్ రైలులో హౌన్స్‌లో అనే పేటకు చేరేదాకా ఎవరితోనూ మాట్లాడబుద్ధి కాలేదు.

ఏజెంటు వాటా పోగా వారం వారం జీతం చేతికొస్తుంది, కాని అది ఒప్పందం ఉన్నంతకాలమే. సాధారణంగా ఏడాదికి ఒప్పందం. అది ముగిశాక పని లేని నెలలు వస్తాయి. ఆ నెలలలో నేను పిల్లలకు సంగీతం చెప్పాను, హోటల్‌లో బల్లలు సర్దాను, ఇంకొక థియేటర్‌లో ప్రేక్షకులకు సీట్లు చూపించాను. నటన మానేశారా అని ఊరి నుంచి అడిగేవాళ్ళకు, ఇక్కడ నటుల జీవితంలో ఇది కూడా భాగమేనని నచ్చజెప్పడం అంత సులభం కాదు.

స్వింగ్‌గా నా ఆస్తి ఒక నోటుపుస్తకం. రంగస్థలం అంచున మధ్యలో సున్నా, అక్కడి నుంచి అటూ ఇటూ ఒకటి, రెండు, మూడు అని అంకెలు వేసి ఉంటాయి, నర్తకులు తమ చోటును ఆ అంకెల ప్రకారం గుర్తు పెట్టుకుంటారు. ఆరుగురికీ ఆరు రంగుల పెన్సిళ్ళు పెట్టుకుని, ఎవరు ఏ పాటలో ఏ అంకె దగ్గర నిలబడతారు, ఎటు నుంచి వస్తారు, ఎవరి వెనక నుంచి దాటతారు, అందరూ కలిసి వేర్వేరు స్వరాలు పాడేటప్పుడు ఏ స్వరం పాడతారు, వింగులో, అంటే రంగస్థలం పక్కన తెరచాటున, ఎవరి చేతికి బుట్ట అందించి ఎవరి చేతి నుంచి గొడుగు తీసుకుంటారు అన్నదంతా అందులో గీసి ఉంచాను. ఒక మనిషి నడిచే ఈ మొత్తం దారిని ట్రాక్ అంటారు. ఒకే రాత్రి ముగ్గురు రాకపోయి స్వింగులు ఇద్దరే మిగిలితే, ముగ్గురి దారులను ఇద్దరికి పంచి మేం నడుస్తాం. అటువంటి రాత్రి పాట సగంలో నేను ఒకరి నుంచి ఇంకొకరిగా మారతాను, ప్రేక్షకులకు ఆ మార్పు కనపడకూడదు.

2020 మార్చి 16, సోమవారం సాయంత్రం, మేం ఆటకు సిద్ధమవుతుండగానే లండన్ థియేటర్లన్నీ మూతపడ్డాయి. ఆ ఏడాది ఒక సూపర్‌మార్కెట్ గిడ్డంగిలో సామాన్లు సర్దుతూ, నోటుపుస్తకంలో రాసినవి మరిచిపోకుండా ఉండడానికి కన్వేయర్ బెల్టు పక్కన నిలబడి మనసులో అడుగులు లెక్కపెట్టుకునేదాన్ని. మళ్ళీ తెరిచాక, 2021 డిసెంబరులో కొత్త రకం కోవిడ్ వల్ల నటులు వరుసగా మంచాన పడుతుంటే ఆటలు నిలబెట్టింది స్వింగులే. అదే నెలలో న్యూయార్క్ బ్రాడ్వేలో సటన్ ఫాస్టర్ రాలేని రాత్రి నాయిక పాత్రను కాథీ వోయిట్కో అనే స్వింగ్ వేసింది. నాటకం ముగిశాక కథానాయకుడు హ్యూ జాక్‌మన్ ఆమెను ముందుకు పిలిచి, బ్రాడ్వే నిలబడింది ఇటువంటి వాళ్ళ మీదేనని ప్రేక్షకులకు చెప్పారు. ఆ వీడియోను నేను ఎన్నిసార్లు చూశానో లెక్క లేదు.

నేను మొదటిసారి ఆట మధ్యలో రంగస్థలం ఎక్కింది 2018 జూన్‌లో, ఒక శనివారం మధ్యాహ్నం. పగటి ఆట రెండున్నరకు మొదలై అరగంట దాటింది. మూడో అంతస్తు గదిలో కూర్చుని స్పీకరులో నాటకం వింటుంటే, స్టేజి మేనేజర్ గొంతు నా పేరు పిలిచి కిందికి రమ్మంది. ఒక అమ్మాయి వింగులోకి వచ్చి పాదం నేల మీద మోపలేక కూర్చుండిపోయింది. ఆమె మళ్ళీ కనపడవలసిన పాటకు పదకొండు నిమిషాల వ్యవధి ఉంది. ఒకరు నా జుట్టును చిన్న చిన్న చుట్లుగా పిన్నులతో బిగించి, వెంట్రుకల అంచున మైకు అతికించి, పైన విగ్ దింపారు. డ్రెస్సర్ మోకాళ్ళ మీద కూర్చుని నా బూట్లకు బకిల్స్ పెడుతోంది. నృత్యాలు తప్పకుండా చూసుకునే డ్యాన్స్ కెప్టెన్ నా చెవిలో "ఎడమ నాలుగు నుంచి మొదలు" అని ఒక్కటే చెప్పింది.

వింగులో ఉండే నీలి దీపం దాటి వెలుతురులోకి వెళ్ళగానే, నన్ను ఎత్తవలసిన నటుడు నా నడుము పట్టుకునే ముందు నా బరువు ఎంత ఉంటుందో అంచనా వేస్తున్నట్టు క్షణం ఆగాడు. రోజూ ఎత్తే అమ్మాయి నాకంటే పొట్టి. తరవాత పైకి లేపాడు, నేను ఊపిరి బిగబట్టి పాడవలసిన స్వరం పాడాను. ఒక్కచోట కుడికి తిరగాల్సింది ఎడమకు తిరిగాను, ఆ వారమంతా ఇంకొకరి ట్రాక్ సాధన చేసినందువల్ల. పక్కనున్న అమ్మాయి నవ్వుముఖం చెదరకుండా తన తుంటితో నా మోచేతిని తోసి దారికి తెచ్చింది.

ఆట అయ్యాక, విగ్ తీసిన తలతోనే మెట్ల మీద కూర్చుని ఇంటికి ఫోన్ చేశాను. అక్కడ రాత్రి తొమ్మిదిన్నర దాటింది, తాతయ్య మేలుకునే ఉన్నారు. జరిగిందంతా ఒక్క గుక్కలో చెప్పాను. ఆయన విని, నేను ఎలా పాడానని అడగలేదు.

"ఆ పిల్ల కాలు ఎలా ఉందమ్మడూ?" అన్నారు.

వాపు ఎక్కువగా ఉందని, ఎక్స్‌రేకి తీసుకెళ్ళారని చెప్పాను.

"అయితే రాత్రి ఆటకూ నువ్వే. ముందు ఏదైనా తిను. ఆ తప్పు తిరిగిన చోటు పుస్తకంలో రాసుకున్నావా?"

లేదని చెప్పి, ఫోన్ పెట్టేసి, ఆమె రంగు పెన్సిల్ వెతుక్కోవడానికి పైకి వెళ్ళాను. ఏడున్నర ఆటకు 6:55కే హాఫ్ పిలుస్తారు, అంటే అప్పటికి అందరూ లోపల ఉండాలి, ఇక గంటన్నర మాత్రమే ఉంది.