మెదక్ చర్చిలో మూడు కిటికీలు

మోకాలి ఆపరేషన్ బాగా జరిగితే మెదక్ వస్తానని అమ్మ మొక్కుకుంది. క్రిస్మస్ రద్దీ తగ్గాక, జనవరిలో హన్మకొండ నుంచి బయలుదేరాం. కారు నడిపింది కాజీపేట దర్గా దగ్గర ఉండే చాచా. మా ఇంట్లో పెళ్ళయినా, చావయినా ఆయన బండే. ఎల్కతుర్తి, హుస్నాబాద్, సిద్దిపేట దాటేదాకా అమ్మది ఒకటే టెన్షన్: "పొద్దు గుంకక ముందే చేరాలె." అక్కడి రంగు అద్దాల బొమ్మలు ఎండ వెలుతురుకే కనిపిస్తాయి మరి.

చర్చి పని 1914లో మొదలైంది, 1924 డిసెంబర్ 25న ప్రతిష్ఠ జరిగింది. కరువులో ఆకలితో ఉన్నవాళ్ళకు ఇంగ్లీషు మిషనరీ పాస్నెట్ దొర పని చూపించి, తిండి పెట్టి కట్టించాడని చెప్పుకుంటారు. 175 అడుగుల గోపురం కన్నా నాకు ఆ సంగతే పెద్దగా అనిపిస్తుంది.

చాచా కూడా మాతో లోపలికి వచ్చాడు. మూడు పెద్ద కిటికీల్లో క్రీస్తు పుట్టుక, సిలువ, ఆరోహణం (పరలోకానికి ఎక్కిపోవడం). పుట్టుక బొమ్మ ముందు ఆయన చాలాసేపు నిలబడ్డాడు. "మర్యం, అంటే మీ మరియమ్మ, పేరు మీద ఖురాన్‌ల ఒక సూరానే, అధ్యాయమే ఉన్నది బేటా. తండ్రి లేకుండ పుట్టిండని మేం గూడ నమ్ముతం. యేసును ఈసా మసీహ్ అనే అంటం." అమ్మ మురిసిపోయింది. ఆ మురిపెం సిలువ కిటికీ దాకానే.

"ఇది మాత్రం జరగలె చెల్లె."

ఖురాన్ నాలుగో సూరా 157వ ఆయత్ (వాక్యం) యేసును చంపలేదు, సిలువ వేయలేదు, వాళ్ళకు అలా అనిపించిందంతే అంటుంది. అల్లాహ్ ఆయనను తన దగ్గరికి ఎత్తుకున్నాడని తర్వాతి ఆయత్.

"సిలువే లేకుంటే మా పాపాలకు దిక్కెవరు భాయ్?"

"ఎవల పాపం వాళ్ళే మొయ్యాలె."

దేవుని కుమారుడా, ప్రవక్తా అనేది పెద్ద పంచాయితీయే. కానీ ఆయన వచ్చిన పని ఏమిటన్న దగ్గరే రెండు దారులూ విడిపోతున్నాయని నాకనిపించింది. ఆరోహణం దగ్గర మళ్ళీ సగం రాజీ. తిరిగి వస్తాడని ఇద్దరూ ఒప్పుకున్నారు. ముహమ్మద్ ప్రవక్త మాటలుగా చెప్పే హదీసుల ప్రకారం ఆయన దమాస్కస్‌లో తెల్ల మినారు దగ్గర దిగి, దజ్జాల్ అనే అబద్ధపు మసీహ్‌ను చంపుతాడు, తర్వాత అందరిలాగే చనిపోతాడు. ఆ చివరి మాట అమ్మకు అస్సలు నచ్చలేదు.

తిరుగు దారిలో సిద్దిపేటలో చాయ్ తాగుతుంటే యూదుల మాట వచ్చింది. వరంగల్‌లో వాళ్ళ తరఫున మాట్లాడేవాళ్ళు ఎవరున్నారు? నేనే చదివింది చెప్పాను. 12వ శతాబ్దపు యూదు పండితుడు మైమోనిడీస్ లెక్కలో మెస్సీయ, అంటే వాళ్ళు ఎదురుచూసే రక్షకుడు, దావీదు వంశపు రాజు, మనిషే. ఆలయం తిరిగి కట్టి, చెదిరిన ఇశ్రాయేలీయులను కూడగడతాడు. అది కాకముందే చంపబడితే ఆయన మెస్సీయ కాడు. నిజమైన మెస్సీయ కాలంలో కరువు, యుద్ధం, అసూయ ఉండవు. నేటి యూదుల్లో కొందరు మనిషి కోసం కాక, అలాంటి కాలం కోసమే చూస్తున్నారు. "యూదులు గుర్తుపట్టలేదు" అని మన ప్రసంగాల్లో తేలిగ్గా అనేస్తాం గానీ, వాళ్ళు చూసే గుర్తులే వేరు. కరువు లేని కాలం ఇంకా రాలేదు కదా; కరువులో కట్టిన చర్చి నుంచి వస్తూ వాళ్ళను కాదనడం నా వల్ల కాలేదు.

"అయితే వాళ్ళకు మొదటి రాకడే బాకీ, మనకు రెండోది," అంది అమ్మ.

కారెక్కాక ఇద్దరూ మళ్ళీ సిలువ దగ్గరికే వచ్చారు. హుస్నాబాద్ దాటినా తెగలేదు. నేను వెనక సీట్లో నిద్రపోయాను.