అర కారు

తిరుపతి వెళ్లి కొండ ఎక్కకుండా తిరిగొచ్చానంటే మా అమ్మ ఇప్పటికీ నమ్మడం లేదు. నాలుగు రోజులున్నాను. ఏడుకొండలను కిందనుంచే చూశాను, అదీ చాలాసేపు సైకిలు హ్యాండిల్ మీదుగా. చెల్లెలు ఇల్లు మారుతోంది, సామాను సర్దడానికి సాయం రమ్మంటే హైదరాబాదు నుంచి రైలెక్కాను. ఏప్రిల్ నెల, బడులకింకా సెలవులివ్వలేదు. సామాను పని రెండో రోజు మధ్యాహ్నానికే తేలిపోయింది. మిగతా సమయమంతా మేనల్లుడి సైకిలు నాదయింది.

వాడిది గేర్ల సైకిలు. ముప్పై వేలట. ఇంజినీరింగ్ రెండో ఏడాదిలో వాళ్ల నాన్నను నెల రోజులు సతాయించి కొనిపించుకున్నాడు, ఆ తర్వాత బైకు వచ్చింది, సైకిలు బాల్కనీలో బట్టలు ఆరేసుకోవడానికి మిగిలింది. తాళంచెవి ఇస్తూ, "మామయ్యా, ముందు బ్రేకు ఒక్కటే పట్టకు, బోర్లా పడతావు" అన్నాడు. వాడు పుట్టకముందునుంచి నేను సైకిలు తొక్కుతున్నానని చెప్పబోయి ఊరుకున్నాను. మొదటి మలుపులోనే ముందు బ్రేకు పట్టాను. పడలేదుగానీ, గుండె ఒకసారి గొంతులోకొచ్చి వెళ్లింది.

మొదటి ఉదయం చంద్రగిరి దాకా వెళ్లాను. పన్నెండు కిలోమీటర్లు. హెల్మెట్లు, చేతి తొడుగులు, బిగుతు చొక్కాలు వేసుకున్న నలుగురు దారిలో కలిశారు. మంచివాళ్లు. ఒకాయన నా చైను చప్పుడు విని ఆపి మరీ నూనె చుక్కలు వేశాడు. కోట దగ్గర రాజమహల్ నీడలో కూర్చున్నాం. ఆ మూడంతస్తుల కట్టడంలో కలప వాడలేదంటారు. అందుకో ఏమో, ఆ వేళకే వేడెక్కుతున్న గాలి లోపల చల్లగా ఉంది. తిరుగు దారిలో ఎదురుగాలి. ఇంటికొచ్చి రెండు చెంబుల మజ్జిగ తాగాను. ఆ ప్రయాణం గురించి చెప్పుకోవడానికి ఇంతకన్నా లేదు, హాయిగా ఉంది.

మర్నాడు తెల్లవారుజామున లీలామహల్ సర్కిల్ దగ్గరి టీ బండి వద్ద ఆగినప్పుడు మొదలైంది అసలు సంగతి. ఐదు దాటింది. యాత్రికుల జీపులవాళ్లు "సామీ, కొండకా?" అని నన్నూ అడిగి, సైకిలు చూసి నవ్వి వదిలేశారు. కరకంబాడి రోడ్డు అక్కడికే వచ్చి కలుస్తుంది. ఆ రోడ్డు మీద మంగళం వైపునుంచి సైకిళ్లు వస్తున్నాయి. ఒకటి, మూడు, మళ్లీ రెండు. క్యారియర్ మీద టిఫిన్ డబ్బా, హ్యాండిల్‌కు తగిలించిన చేతిసంచి. ఒకాయన వెనక రెండు పెద్ద టీ క్యాన్లు, ముందు కాగితపు గ్లాసుల దండ. మరొకాయన సైకిలుకు ఇరువైపులా అరటి ఆకుల కట్టలు, మనిషి కనిపించడం లేదు, ఆకులే తొక్కుకుంటూ పోతున్నట్టుంది. లాడ్జీలు, హోటళ్లు, పూల దుకాణాలు, బస్టాండు: ఈ ఊరు రాత్రంతా మేలుకునే ఉంటుంది కాబట్టి దాన్ని ఊడ్చి, కడిగి, వండిపెట్టేవాళ్లు వేకువనే చేరాలి. ఇంటి స్థలాలు దొరికింది ఊరి అంచున, పని దొరికేది ఊరి నడుమ. మధ్యలో ఆరేడు కిలోమీటర్లు. ఆటోకు పోనూ రానూ అయ్యే ఖర్చు రోజు కూలిలో ఎంత తింటుందో వాళ్లకు పైసలతో సహా తెలుసు.

అలవాటు మానదు. టీ గ్లాసు పక్కన పెట్టి లెక్కపెట్టడం మొదలుపెట్టాను. రోడ్ల రద్దీని లెక్కగట్టి దారులు గీసే ఉద్యోగం నాది, చేరిన కొత్తలో నా పని అదే, కూడళ్లలో కూర్చుని అట్టమీది కాగితంలో గీతలు గీయడం. మూడు పేజీలు నిండేసరికి తెల్లవారింది. ఎనిమిదింటికి మళ్లీ వెళ్లి చూశాను. కార్లు, బస్సులు, బైకులు, ఆటోలు. సైకిళ్లు పలచబడిపోయాయి, బడి పిల్లలవి తప్ప. అప్పుడు గుర్తొచ్చింది. రద్దీ వేళ చూడాలని నేను చేసిన లెక్కలన్నీ ఎనిమిదికే మొదలయ్యేవి.

లెక్కపెట్టినా జరిగేదేమిటో కూడా చెప్పాలి. మా వృత్తిలో పీసీయూ, అంటే ప్యాసింజర్ కార్ యూనిట్, అని ఒక కొలత ఉంది. రోడ్డు మీద పోయే ప్రతిదాన్నీ కార్లలోకి మార్చి కూడతాం. ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ 1990లో పట్టణ రోడ్లకు ఇచ్చిన పట్టికలో కారు 1 అయితే, సైకిలు 0.4 నుంచి 0.5. బస్సు 2.2 నుంచి 3.7. అందులో అరవైమంది ఉన్నా అంతే, డ్రైవరు ఒక్కడే ఉన్నా అంతే. తోపుడు బండి 2 నుంచి 3, అంటే రెండు కార్ల పైమాటే. తోపుడు బండికి పెద్దపీట వేశారని మురిసిపోనక్కర్లేదు. ఆ అంకె చెప్పేది మర్యాద కాదు, కారుకు ఎంత అడ్డమో చెబుతుంది. టీ క్యాన్ల ఆయన, ఆయన మోసుకొచ్చే టీ తాగి తెల్లవార్లూ పనిచేసేవాళ్లు, అంతా కలిపి నా కాగితం మీద అర కారు. మనుషులను చేరవేయడం ముఖ్యంగానీ వాహనాలను కాదని 2006 నాటి జాతీయ పట్టణ రవాణా విధానం స్పష్టంగానే రాసింది. ఆ వాక్యాన్ని నేనే ఎన్నో నివేదికల మొదటి పేజీలో ఎత్తి రాశాను. లోపలి పేజీల్లో మళ్లీ పీసీయూలే.

2011 జనాభా లెక్కల ప్రకారం దేశంలో నూటికి దాదాపు 45 ఇళ్లలో సైకిలు ఉంది. కారున్న ఇళ్లు ఐదుకన్నా తక్కువ.

మూడో రోజు గేర్ల సైకిలు వెనక చక్రం పంక్చరైంది. తోసుకుంటూ వెళితే ఒక సందు మొదట్లో చిన్న దుకాణం కనిపించింది. దుకాణం అంటే తాటాకు పందిరి, గాలి పంపు, సగం కోసిన ప్లాస్టిక్ డ్రమ్ములో నల్లటి నీళ్లు. పెద్దాయనకు డెబ్బై ఉండొచ్చు. టైరులో రెండు పానాలు దూర్చి ఒక్క తిప్పు తిప్పాడు, ట్యూబు పేగులా బయటికొచ్చింది. గాలి కొట్టి నీళ్లలో ముంచుతూ జరుపుతూ పోయాడు. బుడగలు లేచిన చోట బొటనవేలు పెట్టి, తడి తుడిచి, గీకుడు రేకుతో గరుకు చేసి, సొల్యూషన్ పూసి, ఊదలేదు, తొందరపడలేదు. అతుకు అంటించే ముందు ఆరాలని ఊరకే కూర్చున్నాడు. "ఎండలో పెడితే తొందరగా ఆరదా?" అంటే, "ఆరుతుంది, రేపు ఊడుతుంది" అన్నాడు. ఒకప్పుడు గంటకు అద్దెకిచ్చే సైకిళ్లు పద్నాలుగు ఉండేవట. ఇప్పుడు రెండు. ఒకటి ఆయనది. రెండోది అడిగితే తాళం లేకుండానే ఇచ్చాడు, "ఎవరు ఎత్తుకుపోతారు దాన్ని" అని. గేర్ల సైకిలు ఆయన దగ్గరే ఉంచి, ఆ పాత నల్ల సైకిలెక్కాను. సీటు స్ప్రింగులు ప్రతి గుంతనూ పేరుపెట్టి పిలుస్తున్నాయి.

ముందు రోజు గేర్ల సైకిలు మీద ఒక పెద్ద దుకాణానికి వెళ్లాను. గేటు దగ్గర సెక్యూరిటీ మనిషి, "సార్, ఇక్కడ నీడలో పెట్టుకోండి, నేను చూసుకుంటాను" అని కార్ల వరస పక్కనే చోటు చూపించాడు. ఈ రోజు అదే గేటు, అదే మనిషి, అదే నేను. చొక్కా కూడా అదే, చెల్లెలు ఉతికి ఆరేసింది. స్టాండు వేయబోతుంటే, "ఏయ్, ఇక్కడ కాదు, తీయ్, బయట పెట్టుకో" అన్నాడు. మీరు నుంచి నువ్వుకు దిగడానికి ముప్పై వేలు చాలు. నేను మాట్లాడకుండా నిలబడ్డాను. అతను ముఖం చూశాడు, గుర్తుపట్టాడు, పాపం నాకన్నా ఎక్కువ సిగ్గుపడ్డాడు. "సార్, మీరా... ఇక్కడ సైకిళ్లు పెట్టనివ్వొద్దని చెప్పారు సార్, పేపరబ్బాయినీ కూరగాయలాయన్నీ అందరినీ పంపించేస్తాం. నిన్నటి సైకిలు చూసి..." అని ఆపేశాడు. మరి నీ బండి ఎక్కడని అడిగితే వేలితో వెనక్కి చూపించాడు. జనరేటర్ గది వెనక, చెత్తబుట్టల పక్కన, గోడకు ఆనించి ఒక సైకిలు. మంగళం నుంచే వస్తాడట. ఐదుంబావుకు బయలుదేరతాడు. ముందు రోజు నేను గీసిన గీతల్లో అతనూ ఒకటై ఉంటాడు.

అతనితో మాట్లాడుతుంటే ఇంకో సంగతి తెలిసింది. అతను రోజూ చివరి అర కిలోమీటరు ఎదురు దారిలో వస్తాడు. పోలీసులు తిడతారు, కారువాళ్లు తిడతారు. నేనూ ఎన్నోసార్లు తిట్టుకున్నవాణ్ణే. నడుమ డివైడరు కట్టి, మలుపు తిరగడానికి చోటు ఎక్కడో దూరంగా ఇస్తారు. కారుకు కిలోమీటరు అదనమంటే రెండు నిమిషాలు, అదీ కూర్చునే. గంటకు పన్నెండు కిలోమీటర్ల వేగంతో తొక్కేవాడికి ఐదు నిమిషాలు, కాళ్లతో. అలాంటి డివైడర్లు నేను వేరే ఊళ్లలో గీశాను. గీసేటప్పుడు ఆ ఐదు నిమిషాలు ఎవరివని అనుకోలేదు.

సాయంత్రం శ్రీనివాస సేతు కింద తొక్కాను. పై వంతెన 2023లో పూర్తిగా తెరిచారు, తిరుచానూరు వైపునుంచి కపిలతీర్థం వైపు పోయే యాత్రికుల వాహనాలు ఊరి రద్దీలో ఇరుక్కోకుండా పైనుంచి వెళ్లిపోతాయి. కింద స్తంభాల నడుమ పొడుగ్గా నీడ పడుతుంది. ఎవరూ చెప్పకుండానే సైకిళ్లవాళ్లు ఆ నీడను దారి చేసుకున్నారు. తోపుడు బండ్లూ అందులోనే. నాకు హైదరాబాదు ఔటర్ రింగు రోడ్డు పక్కన అదే ఏడాది తెరిచిన సైకిలు దారి గుర్తొచ్చింది. ఇరవై మూడు కిలోమీటర్లు, పైన సోలార్ పలకల కప్పు. ఆదివారాలు అక్కడ తొక్కాను, బాగుంటుంది, దాన్ని తప్పుపట్టలేను. కానీ ఆ కప్పు కింద టిఫిన్ డబ్బా కట్టిన సైకిలు నాకు ఎప్పుడూ ఎదురుపడలేదు. అది పనికి పోయే దారిలో లేదు. పనికి పోయే దారిలో నీడ పడింది పైనుంచి పోయే బస్సుల పుణ్యాన.

కపిలతీర్థం దాకా వెళ్లాను. ఎండాకాలం కదా, జలపాతం జాడ రాతిమీద నల్లటి చారలా మిగిలింది.

చెల్లెలి ఇంట్లో పనిచేసే అక్క కూడా మంగళం వైపునుంచే వస్తుంది. నా గీతల్లో ఆమె ఎందుకు లేదని అప్పుడు ఆలోచించాను. ఆ మూడు పేజీల్లో పెద్దవయసు ఆడవాళ్లు ఒక్కరూ లేరు. వాళ్లింట్లో సైకిలుంది. కూతురికి తొమ్మిదో తరగతిలో ప్రభుత్వం ఇచ్చింది. బారు లేనిది, ముందు బుట్ట ఉన్నది. కూతురు పదో తరగతి దాటాక దాన్ని వాళ్లాయన రాత్రి డ్యూటీకి తీసుకుపోతున్నాడు. ఆమె షేర్ ఆటోలో వస్తుంది, డబ్బులు లేని రోజు నడుస్తుంది. "నేర్చుకోలేదా?" అంటే, "ఎవరు నేర్పిస్తారు? పడితే నవ్వుతారు. పడకపోతే ఇంకా నవ్వుతారు" అంది. తమిళనాడులోని పుదుక్కోట్టైలో 1990ల మొదట్లో అక్షరాస్యతా ఉద్యమంతోపాటు వేలాది పల్లె ఆడవాళ్లకు సైకిలు నేర్పించారు, క్వారీల్లో రాళ్లు కొట్టేవాళ్లతో సహా. మనూరికి మరీ దూరమేమీ కాదు అని ఆమెతో అంటే, "అయితే అప్పుడు నేను పుట్టాల్సింది అక్కడ" అని గిన్నెలు తోమడంలో పడింది. బీహారులో 2006లో తొమ్మిదో తరగతి ఆడపిల్లలకు సైకిళ్లివ్వడం మొదలుపెట్టాక హైస్కూలులో చేరేవాళ్లు బాగా పెరిగారని పరిశోధకులు తేల్చారు. బడి అయిపోయాక ఆ సైకిలు ఇంట్లో ఎవరి చేతికి పోతుందో ఎవరైనా లెక్క తీశారో లేదో మరి.

చివరి రోజు మధ్యాహ్నం రెండింటికి మళ్లీ ఆ గేటు దగ్గరికి వెళ్లాను. పాత సైకిలు మీదే. అతని డ్యూటీ దిగే వేళ. ఎండ నిప్పులు చెరుగుతోంది. వెనకవైపు నిలబడి మాట్లాడుకున్నాం. నా వృత్తి చెప్పి, నీ దారిలో ఒక్క మార్పు చేయమంటే ఏం చేయాలి అని అడిగాను. ప్రత్యేకంగా సైకిలు దారి కావాలంటాడని ఎదురుచూశాను. గీయడానికి మనసులో వెడల్పు కూడా అనుకున్నాను.

అతను కాసేపు ఆలోచించి, "సైకిలు పెట్టుకోడానికి నీడ సార్" అన్నాడు. "ఈ వేళకు సీటు మీద కూర్చోలేం. మొదటి అర కిలోమీటరు నిలబడే తొక్కాలి." ఇంకా ఏమైనా? "కరకంబాడి రోడ్డులో ఆ చీకటి చోట ఒక దీపం. కుక్కలు." మరి దారి? "దారి ఉందిగా సార్, అందరూ పోతున్నారు కదా."

సీటుకు తడి గోనెగుడ్డ చుట్టి, పైన ప్లాస్టిక్ కవరు కట్టి ఉంచాడు. కవరు విప్పి మడిచి జేబులో పెట్టుకున్నాడు. గుడ్డ ఎండిపోయి అట్టలా అయింది. దాన్ని డబ్బా పక్కన క్యారియర్‌లో దూర్చి, అరచేత్తో సీటును ఒకసారి తాకి చూసి, చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. ఎడమకాలు పెడల్ మీద వేసి, నాలుగు అడుగులు కుంటుతూ తోసి, ఎక్కి, కూర్చోకుండానే గేటు దాటాడు.